స్మాల్‌విల్ చూపించండి, మీరూ పక్కన కూర్చోండి

"మా వాడు తొమ్మిదో తరగతి, సూపర్‌హీరోల పిచ్చి. స్మాల్‌విల్ చూపించొచ్చా? అందులో సూపర్‌మ్యాన్ ఎగరడట కదా, బోర్ కొడుతుందేమో" అని అడిగారు.

ఎగరకపోవడమే దాని బలమండీ. సూపర్‌మ్యాన్ కుర్రతనం మీద తీసిన ఈ అమెరికన్ టీవీ సీరియల్‌ని 2001లో ఆల్‌ఫ్రెడ్ గాఫ్, మైల్స్ మిల్లర్ మొదలుపెట్టినప్పుడే సూపర్‌మ్యాన్ డ్రెస్సూ వద్దు, ఎగరడమూ వద్దు అని ఒట్టేసుకున్నారు. ఇక మిగిలిందల్లా కాన్సాస్‌లో ఓ పొలం, స్కూలు, అమ్మానాన్న, ఎవరికీ చెప్పుకోలేని రహస్యం.

మొదటి ఎపిసోడ్‌లో క్లార్క్ (మన కుర్ర సూపర్‌మ్యాన్), కారుతో సహా వంతెన మీంచి నదిలో పడ్డ లెక్స్ లూథర్‌ని (తర్వాత సూపర్‌మ్యాన్‌కి శత్రువయ్యేవాడు) కాపాడతాడు. లెక్స్ కొత్త ట్రక్కు బహుమతిగా పంపితే, నాన్న జోనథన్ వెనక్కిచ్చెయ్యమంటాడు. నీకు కోపం రావడం మామూలేలే అని సర్దిచెప్పబోతాడు. అంతే, కుర్రాడు కొమ్మలు నుజ్జు చేసే మిషన్‌లోకి చెయ్యి పెట్టేస్తాడు! చొక్కా పీలికలవుతుంది, చేతికి గీత కూడా పడదు. ఇది మామూలేనా అని నాన్న మీద అరుస్తాడు. ఫుట్‌బాల్ కూడా ఆడనివ్వడు ఆ నాన్న, ఎవరికైనా దెబ్బ తగులుతుందని.

మా అబ్బాయితో కలిసి చూస్తున్నాను ఇది. క్రికెట్ కోచింగ్ మాన్పించి ఐఐటీ ఫౌండేషన్‌లో వేశానని అప్పటికి నాతో సరిగ్గా మాట్లాడట్లేదు. సీన్ మధ్యలో పాజ్ నొక్కి, "వాళ్ళ నాన్న కనీసం ఎందుకొద్దో చెప్పాడు డాడీ" అన్నాడు. నేను రిమోట్ లాక్కుని ప్లే నొక్కాను. ఏం చెప్పను, ఫీజు కట్టేశాను కదా! ఆరో తరగతి నుంచే పిల్లల్ని జేఈఈకి తోమే ఈ ఫౌండేషన్ల మీద విడిగా ఓ జవాబు రాయాలి, ఎవరైనా ప్రశ్న అడగండి.

నన్నడిగితే ఆ సీరియల్‌కి హీరో జోనథనే. నూరో ఎపిసోడ్‌లో ఆయన పోతాడు (ముందే చెప్పేశాను, తిట్టుకోకండి). అది ఐదో సీజన్. ఇంకో ఐదు లాగారు, 2011 దాకా. మన డైలీ సీరియళ్ళని తిట్టేవాళ్ళు క్లార్క్-లానా ప్రేమ ఎన్నిసార్లు తెగి అతుక్కుందో చూసి మాట్లాడాలి. జోనథన్ పోయాక ఆపేసినా మీకు పోయేదేం లేదు. రెండో సీజన్ మాత్రం వదలొద్దు, పాత సినిమాల్లో సూపర్‌మ్యాన్‌గా వేసిన క్రిస్టఫర్ రీవ్ చక్రాల కుర్చీలో కూర్చుని క్లార్క్‌కి వాడి పుట్టుక గురించి చెప్పే ఎపిసోడ్ అందులోనే ఉంది. మా ఆవిడ కూడా ఏడ్చింది.

ఒక్క జాగ్రత్త. అదే సీజన్ మొదట్లో క్లార్క్ చూపులోంచి తొలిసారి మంటలు వచ్చేది క్లాసులో కొత్త టీచర్ని చూసినప్పుడు. ఆ ఎపిసోడ్ వచ్చేసరికి మీరు వంటింట్లో ఏదో పని కల్పించుకోండి.