ఉట్నూరు వెళ్లే ముందు ఒకసారి చదువు

బిడ్డా,

మొన్న మీ బాపు ఫోన్ చేసి నీకు ఉట్నూరులో ఉద్యోగం వచ్చిందని చెప్పాడు. ఊళ్లలో పనిచేసే ఆశాలకు, అంగన్‌వాడీ టీచర్లకు, సంఘాల ఆడవాళ్లకు నువ్వు ట్రైనింగ్ ఇస్తావట. ఆ పూట నాకు అన్నం సయించలేదు. సంతోషమెంతో టెన్షన్ కూడా అంతే. నా ఉద్యోగమంతా గడిచిన చోటికి నా తమ్ముడి కూతురు పోతోంది. నువ్వు హైదరాబాద్‌లో ఎంఎస్‌డబ్ల్యూ చేసినదానివి, అంగన్‌వాడీ సూపర్‌వైజర్‌గా రిటైరైన నాకంటే నీకు చదువెక్కువ. అయినా చెప్పకుండా ఉండలేను. మీ అత్త సంగతి నీకు తెలుసుగా.

అన్నిటికంటే ముందు వాగులు. వానాకాలంలో ఎక్కడో గుట్టల మీద వాన పడితే, కింద ఎండ కాస్తుండగానే వాగు వచ్చేస్తుంది. మోకాలి లోతే కదా అని దిగకు. స్కూటీ అసలే దించకు. వెంట ఉన్నవాళ్లు "ఏం కాదు మేడం, రండి" అంటే వాళ్లను పోనివ్వు, నువ్వు ఇవతలే ఆగు. మీటింగ్ రేపు పెట్టుకోవచ్చు. ఈ ఒక్క విషయంలో నాతో వాదించకు.

ఊళ్లోకి పోగానే ముందు ఊరిపెద్ద పట్లాను కలిసి, వచ్చిన పని చెప్పు. కనబడినవాళ్లకు రాం రాం చెప్పు. వాళ్ల దేవుడు పేన్ ఉండే చోటికి చెప్పులతో పోకు, అడగకుండా ఫోటో తీయకు. ఇవి నీకూ తెలిసే ఉంటాయి.

ఇక నీ ప్లాన్. మీ బాపు మురిసిపోతూ వాట్సాప్‌లో పంపాడు. కళ్లద్దాలు పెట్టుకుని ఆసాంతం చదివాను. వరసగా ఐదు రోజులు, పొద్దున పది నుంచి సాయంత్రం ఐదు, ప్రొజెక్టర్, గ్రూప్ డిస్కషన్. నాలుగో రోజు భోజనాలయ్యాక గంటన్నర ‘సాంస్కృతిక అవగాహన’. అది చూసి మొదట నవ్వొచ్చింది, తర్వాత కోపమొచ్చింది. ఆ హాల్లో కూర్చునేది గోండులు, కొలాములు, పర్ధాన్లు, లంబాడీలు. వాళ్ల సంస్కృతి మీద వాళ్లకే, అదీ తిన్నాక కళ్లు మూతలు పడే వేళ, నువ్వు క్లాసు చెప్తావా? ఆ గంటన్నర కొట్టేసి, మిగతా రోజులన్నీ మళ్లీ మొదటినుంచి చూసుకో. ఏ తారీఖున పిలుస్తావు, ఏ భాషలో మాట్లాడతావు, అన్నం ఏం పెడతావు, ఎవరిని ముందు మాట్లాడమంటావు, సంస్కృతి అంతా అక్కడే ఉంది.

వరసగా ఐదు రోజులు ఇల్లు వదిలి ఎవరొస్తారే పిచ్చిదానా? పత్తి ఏరే రోజుల్లో కూలి పోతుంది. మార్చి, ఏప్రిల్‌లో తెల్లారకముందే ఇప్పపువ్వు ఏరుకోవాలి. దీపావళి ముందు గోండుల దండారి పండుగ. పుష్య అమావాస్యకు కేస్లాపూర్ నాగోబా జాతర. నువ్వు నవంబర్ మొదటి వారం వేశావు. అప్పటికి పత్తి చేలు తెల్లగా విచ్చుకుని ఉంటాయి. రెండేసి రోజులుగా విడగొట్టు. ఆశాలకు మొదట్లో పెట్టిన శిక్షణ కూడా తొలి ఏడాదిలో 23 రోజులు, ఐదు విడతలు. ఆ లెక్క వేసినవాళ్లకు ఊరి ఆడవాళ్ల తీరిక ఎంతో తెలుసు.

పాలు తాగే పిల్లలతో వస్తారు. పిల్లను చూసుకోవడానికి అత్తో ఆడబిడ్డో వెంట వస్తుంది. ఆమె అన్నం కూడా నీ బడ్జెట్‌లో ఉండాలి. చీరతో ఉయ్యాల కట్టడానికి దూలమో కొక్కెమో ఉన్న గది చూడు. దారి ఖర్చులు ఆ సాయంత్రమే చేతిలో పెట్టు. సంతకం పెట్టించుకుని "అకౌంట్లో పడతాయి" అన్నావో, రెండో విడతకు సగం కుర్చీలు ఖాళీ.

ఇంకొకటి, ప్రారంభోత్సవానికి దండారిలో ఆడే గుస్సాడీలను పిలుస్తామని రాశావు. వద్దు. నెమలి ఈకల కిరీటం దండారి రోజుల్లో పెట్టేది, దానికి నియమాలున్నాయి. అది పెట్టుకున్నవాళ్లు ఆ పండుగ ముగిసేదాకా స్నానం కూడా చేయరు. గుస్సాడీ ఆటకు పేరుపడ్డ మార్లవాయి కనకరాజు గారికి 2021లో పద్మశ్రీ వచ్చినప్పుడు జిల్లా అంతా పండుగ చేసుకుంది, నిజమే. అందుకని మీ ఆఫీసర్లకు స్వాగతం చెప్పడానికి వాళ్లను ఎండలో నిలబెడతావా?

మార్లవాయి అంటే గుర్తొచ్చింది. జైనూర్ వైపు పోయినప్పుడు ఒక పూట అక్కడ ఆగు. 1940లో జోడెఘాట్‌లో కొమరం భీంను కాల్చి చంపాక, అసలు గోండుల గోడు ఏమిటో తెలుసుకోమని నిజాం ప్రభుత్వం మానవ శాస్త్రవేత్త హైమన్‌డార్ఫ్‌ను పంపింది. ఆస్ట్రియా నుంచి వచ్చిన ఆయన, భార్య ఎలిజబెత్ ఆ ఊళ్లోనే గుడిసె వేసుకుని ఉన్నారు. 1943లో అక్కడే గోండు యువకులను పంతుళ్లుగా తయారుచేసే శిక్షణ కేంద్రం పెట్టారు. బయటినుంచి పంతుళ్లను తెచ్చి గోండీ నేర్పించే బదులు గోండీ వచ్చినవాళ్లనే పంతుళ్లను చేశారు. ఎనభై ఏళ్లు దాటినా మనం ఇంకా తెలుగు మాడ్యూల్ అచ్చేసి పంచుతున్నాం. ఆ గదిలో తెలుగు చాలామందికి మూడో భాష. గోండుల ఇంట్లో గోండీ, కొలాములకు కొలామీ, పర్ధాన్లలో ఎక్కువమందికి మరాఠీ, లంబాడీలకు వాళ్ల భాష. "అర్థమైందా?" అంటే అందరూ తలూపుతారు. ఆ తల ఊపును నమ్మకు. చెప్పిన పాఠాన్ని ఒకామెను తన భాషలో పక్కామెకు చెప్పమను. ఎక్కడ ఆగిపోతుందో అక్కడ నీ పాఠం సరిగా లేదన్నమాట.

ఇప్పుడు అసలు విషయం. ఈ ఉత్తరం దీనికోసమే మొదలుపెట్టాను.

నేను ఉద్యోగంలో చేరిన కొత్తలో ఒక ట్రైనింగ్ జరిగింది. 1981 ఏప్రిల్ 20న ఇంద్రవెల్లిలో గోండుల మీద పోలీసు కాల్పులు జరిగాక ఆ భయం ఇంకా పోని రోజులు. జీపు చప్పుడు వింటే మగవాళ్లు అడవిలోకి పోయేవాళ్లు. అలాంటప్పుడు కూడా మంత్రసానులను బతిమాలి పిలుచుకొచ్చాం. పట్నం నుంచి ఒక సారు వచ్చాడు. చెడ్డవాడు కాదు, చదువుకున్నవాడు, పని మీద ప్రేమ ఉన్నవాడు. గోడకు పెద్ద చార్టు కట్టాడు. ఒక పక్క ‘మంచి అలవాట్లు’, ఇంకో పక్క ‘మూఢనమ్మకాలు’. ముందు వరసలో ఒక ముసలామె కూర్చుంది. ఆ చుట్టుపక్కల గూడేల్లో సగం మంది ఆమె చేతుల్లో పుట్టినవాళ్లే. సారు ఆమెను లేపి, బొడ్డు దేంతో కోస్తావని అడిగాడు. ఆమె దాచుకోలేదు, కొడవలితో అని చెప్పింది. సారు చార్టు వైపు వేలు చూపించి, అందరి ముందు, "అట్లా ఎంతమందిని చంపావమ్మా?" అన్నాడు.

ఒకరిద్దరు కుర్రకార్యకర్తలు కిసుక్కున నవ్వారు. ముసలామె ఏమీ అనలేదు. కాసేపు నిలబడి, కొంగు సర్దుకుని కూర్చుంది. మధ్యాహ్నం ఆ గూడెం వాళ్లు ఒక్కరూ అన్నం ముట్టలేదు. విస్తళ్లు వేసినవి వేసినట్టే ఉన్నాయి. టీ వేళకు చూస్తే వాళ్లు లేరు.

సారు చెప్పిన దాంట్లో అబద్ధం లేదు, అదే నా బాధ. ఆ రోజుల్లో అట్లా శుభ్రం లేని కొడవలితో బొడ్డు కోస్తే వచ్చే ధనుర్వాతంతో పసిపిల్లలు నిజంగానే పోయేవాళ్లు. ప్రసవంలో వచ్చే ధనుర్వాతాన్ని మన దేశం అదుపు చేయగలిగిందని ప్రకటించింది 2015లో, అంత కాలం పట్టింది. కానీ ఆ ఒక్క మాటకు ఆ గూడెంలో ఏమైందో సారు చూడలేదు, రెండో రోజే రైలెక్కాడు. చూసింది మేము. గర్భిణుల రిజిస్టర్‌లో ఆ ఊరి పేజీ తెల్లగా ఉండిపోయింది. కడుపుతో ఉన్న పిల్ల ఎదురుగా నిలబడి ఉన్నా "ఎవరూ లేరు మేడం" అనేవాళ్లు. అక్కడి అంగన్‌వాడీ ఆమెది అదే ఊరు, ముసలామెకు వరసకు కోడలు. పాపం, ఆమెను కూడా గడప దాటనిచ్చేవాళ్లు కాదు. టీకాలకు పోతే తలుపులు దగ్గరగా వేసి ఉండేవి.

దాన్ని కొంతైనా సరిచేసింది కేరళ నుంచి వచ్చిన ఒక నర్సమ్మ. ఆమెకు తెలుగే సరిగా రాదు, ఇక గోండీ ఎక్కడిది? ఇప్పపువ్వు రోజుల్లో చీకటితోనే వెళ్లి, ఆ ముసలామె చెట్టు కింద ఆమెతోపాటు కూర్చుని పువ్వు ఏరేది. కొడవలి మాట ఎత్తలేదు. బిడ్డ అడ్డం తిరిగితే చేత్తో ఎలా కనిపెడతావని అడిగింది. ముసలామె అక్కడే ఒక చిన్నపిల్లను పడుకోబెట్టి, పొట్ట మీద వేళ్లు నొక్కి చూపించింది. బ్లేడు, దారం, సబ్బు ఉండే కిట్‌ను చాలా రోజుల తర్వాత ముసలామే అడిగి తీసుకుంది. ట్రైనింగ్ హాలు గడప మాత్రం మళ్లీ తొక్కలేదు. తన కోడలిని పంపింది.

నీ ప్లాన్‌లో రెండో రోజు ‘అపోహలు, వాస్తవాలు’ అని రెండు గడుల పట్టిక చూసినప్పుడు నా గుండె ఎందుకు దడదడలాడిందో ఇప్పుడు తెలిసిందా? ఆ పట్టిక తీసెయ్. గడులు కావాలంటే మూడు పెట్టు. పిల్లకు మేలు చేసేవి, మేలూ కీడూ లేనివి, ప్రాణం మీదికి తెచ్చేవి. మొదటి రెండింటిలో ఎన్ని నిండుతాయో చూసి నువ్వే ఆశ్చర్యపోతావు. తాయెత్తు కడితే కట్టనీ. ముర్రుపాలు పిండి పారబోస్తుంటే అప్పుడు మాట్లాడు. మూడో గడిలో ఉన్న నాలుగైదింటి మీదే నీ బలమంతా పెట్టు. ఒక్క మనిషిని లేపి "నువ్వేం చేస్తావు" అని మాత్రం ఎప్పుడూ అడగకు. "మీ దిక్కు ఏం చేస్తారు" అని అందరినీ అడుగు. పిల్ల పోయిన తల్లి ఆ గదిలో తప్పకుండా ఒకరైనా ఉంటుంది, అది గుర్తుపెట్టుకుని నోరు తెరువు.

చదువు రానివాళ్లకు ఎలా నేర్పాలని బెంగపడకు. ప్రాణహిత దాటితే మహారాష్ట్రలోని గడ్చిరోలి. అక్కడ డాక్టర్ అభయ్ బంగ్, రాణీ బంగ్ దంపతులు ఊరి ఆడవాళ్లకే పసిపిల్లల వైద్యం నేర్పారు. కొందరు మంత్రసానులకు పన్నెండు దాటి లెక్క రాదు. రెండు నెలల లోపు పిల్ల నిమిషానికి 60 సార్లు, అంతకు మించి ఊపిరి తీస్తే న్యుమోనియా అనుమానించాలి. పన్నెండు దాటనామె అరవై ఎలా లెక్కపెడుతుంది? నిమిషం కొలిచే ఇసుక గడియారం పక్కన పూసల వరస పెట్టి ఇచ్చారు. పది ఊపిరులకు ఒక పూస జరపాలి. ఇసుక అయిపోయేలోపు ఎర్ర పూస దాకా వస్తే మందు. వాళ్ల ఊళ్లలో నవజాత శిశు మరణాలు 60 శాతానికి పైగా తగ్గాయని 1999లో లాన్సెట్ అనే వైద్య పత్రిక అచ్చేసింది. ఆస్పత్రి కూడా వార్డుల్లా కాకుండా గుడిసెల్లా, చుట్టాలు వెంట ఉండేలా కట్టి, జనం అడిగినట్టే దంతేశ్వరి దేవత పేరు పెట్టారు. కుదిరితే మీ టీమును ఒకసారి అక్కడికి తీసుకెళ్లు.

పోషకాహారం పోస్టర్లు మార్చు. ఆపిల్, ద్రాక్ష, క్యారెట్ బొమ్మలు గూడెంలో ఎవరికోసం? జొన్నరొట్టె, గట్క, కందిపప్పు, బోడకాకర, సారపప్పు, ఇప్పపువ్వు లడ్డూ బొమ్మలు వేయించు. శిక్షణ భోజనంలో కూడా ఒక పూటైనా జొన్నరొట్టె పెట్టు. హోటల్ బిర్యానీ ప్యాకెట్లు తెప్పించావని నాకు తెలిస్తే ఊరుకోను.

చాలా రాశాను, తిట్టానేమో కూడా. నీ ప్లాన్‌లో మూడో రోజు ముగ్గుపిండితో ఊరి పటం వేయించడం బాగుంది. దాన్ని మొదటి రోజుకు జరుపు. పటం వేస్తున్నప్పుడు నువ్వు నిలబడకు, వాళ్లతోపాటు కింద కూర్చో. నోట్‌బుక్ సంచిలోనే ఉండనీ.

రాష్ట్రంలో చలి ఎక్కువ పుట్టేది మన జిల్లాలోనే, మందం రగ్గు ఒకటి మీ అమ్మను అడిగి పెట్టుకో. నేను అద్దెకున్న ఇంటావిడకు ఫోన్ చేశాను, పై గది ఖాళీగానే ఉందట, అద్దె నువ్వే మాట్లాడుకో. ఆదివారం ఆదివారం ఫోన్ చెయ్యి. గూడేలకు పోయే రోజు మాత్రం పొద్దునే ఏ ఊరికి పోతున్నావో మెసేజ్ పెట్టు, దారిలో వాగుంటే అది కూడా రాయి.

మీ అత్త