నడవడానికి కూడా డబ్బులు కట్టాలా?

ప్రశ్న: టీచర్ గారికి నమస్కారం. మాది ప్రొద్దుటూరు. మా అబ్బాయి టోక్యోలో ఉద్యోగం చేస్తున్నాడు. వచ్చే ఏప్రిల్‌లో నేనూ మా ఆయనా రెండు వారాలు వాడి దగ్గరికి పోతున్నాం. వాడికి సెలవులు దొరికేలా లేవు. అందుకని అసకుసా అనే చోట ఉన్న పాత గుడినీ, దాని ముందున్న అంగళ్ళ వీధినీ గైడుతో నడిచి చూసే టూరు బుక్ చేస్తానంటున్నాడు. మా ఆయనేమో "నడవడానికి కూడా డబ్బులు కట్టాలా? గుడి కంటికి కనిపిస్తూనే ఉంటుంది కదా" అంటున్నారు. నాకు మోకాళ్ళ నొప్పి. ఇంగ్లీషు అంతంత మాత్రం. పైగా అక్కడున్న దేవుడెవరో, ఎట్లా దండం పెట్టుకోవాలో తెలియకుండా గుళ్ళోకి పోవాలంటే మనసొప్పడం లేదు. ఏం చేయమంటారు?
– ఒక పాఠకురాలు, ప్రొద్దుటూరు

జవాబు: అమ్మా, గైడుతోనే పోండి. మా అమ్మాయి యొకొహామాలో ఉన్నప్పుడు నేను ఆ గుడికి రెండుసార్లు పోయినాను. మొదటిసారి అమ్మాయీ నేనూ మాత్రమే. మొదటి ద్వారానికి వేలాడే ఎర్ర లాంతరు కింద ఫోటో దిగి, అంగళ్ళలో రెండు విసనకర్రలు కొని, లోపల ఒక దండం పెట్టి ముక్కాలు గంటలో బయటపడినాం. నాలుగు రోజుల తర్వాత గైడుతో పోతే అదే దారికి రెండున్నర గంటలు పట్టింది. గైడు డెబ్బై దాటిన పెద్దావిడ. ఆ లాంతరు దగ్గరే నన్ను ఆపి, దాని అడుగుకు పోయి తలెత్తి చూడమన్నారు. చెక్కతో చెక్కిన డ్రాగన్ చుట్ట చుట్టుకుని ఉంది! మొదటిరోజు సరిగ్గా దాని కిందే నిలబడి ఫోటో దిగినాను, తలెత్తింది లేదు.

ముందు మీ మనసులో ఉన్న సందేహం సంగతి చూద్దాం. ఆ గుడి పేరు సెన్సోజీ. అక్కడి దేవత పేరు కన్నోన్. అంటే ఎవరో కాదు, మన బౌద్ధంలోని అవలోకితేశ్వరుడే. ఇక్కడినుంచి చైనా మీదుగా జపాన్ చేరేసరికి అమ్మ రూపం వచ్చింది. కరుణకు అధిదేవత. మన పక్క పుట్టలో విగ్రహం దొరికిందనీ, ఊరిపెద్దకు కలలో కనబడి గుడి కట్టమన్నాడనీ స్థలపురాణాలు చెప్పుకుంటాం కదా, వాళ్ళకూ అట్లాంటిదే ఉంది. 628వ సంవత్సరంలో ఇద్దరు అన్నదమ్ములు సుమిదా నదిలో వల వేస్తే చేపలకు బదులు కన్నోన్ విగ్రహం వచ్చిందట. ఊరిపెద్ద తన ఇంటినే గుడి చేసినాడట. ఆ విగ్రహాన్ని ఎవరికీ చూపించరు. కాబట్టి గర్భగుడిలో మూలవిరాట్టు కోసం వెతకొద్దు. మొదటిరోజు నేను మెడ సాచి సాచి వెతికినాను, దర్శనం కాలేదే అని రాత్రంతా బాధపడినాను. సంగతి తెలిసినాక ఆ బాధ పోయింది.

దండం చాలా సులువు. ముందున్న పెట్టెలో నాణెం వేసి, చేతులు జోడించి, తల వంచండి. చప్పట్లు కొట్టకూడదు. గుడి పక్కనే అసకుసా జింజా అని ఇంకొకటి ఉంది, ఆ అన్నదమ్ములనూ ఊరిపెద్దనూ దేవుళ్ళుగా కొలిచే చోటు. అక్కడ మాత్రం రెండుసార్లు వంగి, రెండు చప్పట్లు కొట్టి, మళ్ళీ ఒకసారి వంగాలి. బౌద్ధుల గుడికీ, జపాన్ వాళ్ళ సొంత మతమైన షింటో గుడికీ అదీ తేడా. ఇది తెలియక మొదటిరోజు బుద్ధుడి గుళ్ళో చప్పట్లు కొట్టినాను. ఎవరూ ఏమీ అనలేదు గానీ మీరు ముందే తెలుసుకుని పోతే మంచిది కదా.

నాణెం అంటే గుర్తొచ్చింది. మధ్యలో చిల్లి ఉన్న 5 యెన్ల నాణేలు నాలుగు దాచి పెట్టుకోండి. ఐదు యెన్లను వాళ్ళు 'గో ఎన్' అంటారు. అదే మాటకు బంధం అనే అర్థం కూడా ఉంది. గైడమ్మ ఇంగ్లీషులో దాన్ని వివరించడానికి తడుముకుంటుంటే, నాకు మాత్రం చప్పున మన 'ఋణానుబంధం' తోచింది.

చెప్పుల సంగతి మీరు అడగలేదు గానీ అక్కడికి పోయినాక తప్పకుండా ఇబ్బంది పడతారు. సెన్సోజీ పెద్ద మందిరంలోకి చెప్పులతోనే పోతారు. నాకు కాళ్ళు ముందుకు పడలేదు. మెట్ల దగ్గర విడవబోతే గైడమ్మ వారించినారు. వేరే గుళ్ళలో చాపలు పరిచిన గదుల్లోకి పోవాలంటే విడవాల్సిందే. అందుకని తేలిగ్గా వేసి తీసే చెప్పులూ, చిరుగుల్లేని మేజోళ్ళూ వేసుకుని పోండి.

ఇక మోకాళ్ళ కోసం ఒక మాట. రెండో ద్వారం హోజోమోన్ దాటగానే అందరూ నేరుగా ముందుకు పోతారు. మీరు వెనక్కి తిరగండి. ద్వారం వెనక గోడకు గడ్డితో పేనిన రెండు చెప్పులు వేలాడుతుంటాయి. ఒక్కొక్కటి నాలుగున్నర మీటర్ల పొడవు, 500 కిలోల బరువు. ఉత్తరాన యమగతా ప్రాంతంలోని మురయామా ఊరివాళ్ళు పేని తెచ్చి సమర్పిస్తారు. ఇంతింత చెప్పులు తొడిగేవాడు కాపలా ఉన్నాడంటే దుష్టశక్తులు ఇటు రావని నమ్మకం. వాటిని తాకితే కాళ్ళు గట్టిపడతాయనీ అంటారు. నాకు వెంటనే అలిపిరిలో స్వామి పాదాలు తలమీద పెట్టుకుని మండపం చుట్టూ తిరిగిన రోజు గుర్తొచ్చింది. దేవుని కడప తిరుమలకు తొలిగడప అనుకునేవాళ్ళం మనం, దేవుడి చెప్పులంటే మనకు వేరే వివరించాలా? గైడమ్మకు ఆ సంగతి చెప్పినాను. ఆవిడ నా చేయి పట్టుకుని ఆ గడ్డి మీద ఆనించినారు. వరిగడ్డి గరుకు, వాములో చేయి పెట్టినట్లుంది.

అంగళ్ళ వీధి పేరు నకమిసే. రెండు ద్వారాల మధ్య 250 మీటర్లే, అటూ ఇటూ కలిపి తొంభై దాకా అంగళ్ళు. మూడు వందల ఏళ్ళ కింద గుడి ఆవరణ ఊడ్చి శుభ్రం చేసే చుట్టుపక్కల వాళ్ళకు, ఆ పనికి బదులుగా అక్కడ అమ్ముకునే హక్కు ఇచ్చినారు. అట్లా మొదలైన వీధి. 1885లో ఇటుకలతో కట్టినారు, 1923 భూకంపంలో కూలింది, మళ్ళీ కట్టినారు, 1945 మార్చి బాంబుదాడిలో కాలింది. గుడీ ఆ రాత్రే కాలిపోయింది. ఇప్పుడు చూసే పెద్ద మందిరం 1958 నాటిది. ఆ పక్కనున్న జింజా మాత్రం 1649 నాటి కట్టడమే, మంటల్లో మిగిలింది. 'పాత గుడి' అనుకుని పోయే మనకు ఏది పాతదో ఏది మళ్ళీ కట్టిందో గైడు చెప్పకపోతే తెలియదు. ఆ రాత్రి గురించి చెప్పేటప్పుడు గైడమ్మ గొంతు తగ్గించినారు. నేను కూడా ఇంకేమీ అడగలేదు.

అక్కడ కమినరి ఒకోషి తప్పకుండా కొనండి. కమినరి అంటే ఉరుము, లాంతరున్న ద్వారం పేరు కూడా అదే. పేలాలు, పాకం, శెనక్కాయ పప్పులు కలిపి పలకలుగా కోసిన మిఠాయి. కొరికితే మన బొరుగుల ఉండే! కాకపోతే బెల్లం వాసన లేదు, తీపి తక్కువ, కరకర ఎక్కువ. అది కాళ్ళు ఆడని మా అత్తకు పెడితే "ఇది మన సంతలోదే కదా" అనింది. శాకాహారులైతే గైడుకు ముందే చెప్పండి. నింగ్యో యాకి అనే బొమ్మల బిళ్ళల్లో లోపల తీపి గుజ్జు, పైన పిండిలో కోడిగుడ్డు. సెంబే అనే బియ్యపు అప్పడాల్లో రొయ్యలు కలిపినవీ ఉంటాయి. సూపు నీళ్ళు చాలాచోట్ల ఎండుచేపతో కాచినవే. కొన్నది ఆ అంగడి ముందే నిలబడి తినేయండి, నడుస్తూ తినడం అక్కడ మర్యాద కాదు. చెత్తబుట్టలు కనబడవు, సంచిలో ఒక కవరు పెట్టుకోండి.

గుళ్ళో 100 యెన్లు వేసి డబ్బా ఊపి పుల్ల తీసి జోస్యం చూసుకునే ఒమికుజి కూడా ఉంది. పుల్ల మీది అంకె చూసి ఆ సొరుగులో చీటీ తీసుకోవాలి, ఇంగ్లీషులో కూడా రాసి ఉంటుంది. ఈ గుళ్ళో చెడ్డ చీటీలు ఎక్కువ. వస్తే దిగులు పడొద్దు, అక్కడున్న కడ్డీకి ముడి వేసి వచ్చేయాలి. మా అమ్మాయి మొదటిరోజు తనకొచ్చిన చెడ్డ చీటీని సంచిలో పెట్టుకుని ఇంటికి తెచ్చింది. రెండోసారి పోయినప్పుడు దాన్ని మళ్ళీ తీసుకుపోయి కట్టినాం.

మోకాళ్ళు సహకరిస్తే ఇంకొక పది నిమిషాలు నడవండి. గైడును మత్సుచియామా షోదెన్ చూపించమని ముందే అడగాలి, మామూలు టూర్లలో అది ఉండదు. అక్కడున్నది కంగితెన్, అంటే మన వినాయకుడు! విగ్రహం ఇక్కడ కూడా కనబడదు. నైవేద్యం ఏమిటో తెలుసా? ముల్లంగి. తెల్లటి లావుపాటి ముల్లంగి కొని పీఠం మీద పెడతారు, పూజయిన ముల్లంగి ప్రసాదంగా ఇంటికి ఇస్తారు. మన పాత శిల్పాల్లో కూడా గణపతి చేతిలో ముల్లంగి ఉంటుంది. జనవరి 7న ముల్లంగి పండుగే చేస్తారు. గుట్ట చిన్నదే గానీ మెట్లున్నాయి. మీలాంటి వాళ్ళ కోసం కింద నుంచి పైకి చిన్న రైలుపెట్టె లాంటిది కూడా పెట్టినారు. సెన్సోజీ ఆవరణలోనే బెంజైతెన్ గుడి కూడా ఉంది, ఆవిడ మన సరస్వతి, అక్కడ నెరిసిన జుట్టుతో ఉంటుంది. దేవుడెవరో తెలియదన్నారే, సగం మంది మనవాళ్ళేనమ్మా!

డబ్బుల సంగతికొస్తే, గుడికి టికెట్ లేదు. గైడుల్లో రెండు రకాలు. డబ్బు తీసుకునేవాళ్ళు ఒకరు. 2018 నుంచి లైసెన్సు లేనివాళ్ళు కూడా డబ్బు తీసుకుని గైడు పని చేయవచ్చని చట్టం మారింది, అందుకే లైసెన్సు ఉందా అని మీ అబ్బాయిని అడిగి చూడమనండి. ఇంకొకరు స్వచ్ఛందంగా తిప్పే పెద్దవాళ్ళు. మాకు దొరికిన ఆవిడ అట్లాంటివారే. దారి ఖర్చులు మనం పెట్టుకుంటే చాలు. లాంతరు ద్వారానికి ఎదురుగా 2012లో కట్టిన ఎనిమిదంతస్తుల పర్యాటక సమాచార కేంద్రం ఉంది, అక్కడ విచారించండి. పై అంతస్తు నుంచి వీధంతా ఉచితంగా చూడవచ్చు, లిఫ్టు ఉంది. టిప్పు ఇవ్వకండి, నొచ్చుకుంటారు. ఇంగ్లీషుకు భయపడొద్దు, వాళ్ళూ మనలాగే నిదానంగా మాట్లాడతారు. పొద్దున ఎనిమిది, తొమ్మిదికల్లా మొదలుపెట్టండి, తర్వాత జనం తోసుకుంటారు. మీ ఆయన్ను కూడా వెంట తీసుకుపోండి.

ప్రశ్న: క్యోటోలో ఒక్కరోజే ఉంటాను. ఎన్ని గుళ్ళు చూడొచ్చు?
– ఒక ఉద్యోగి, మైదుకూరు

జవాబు: రెండు, నాయనా. మేము ఒక టూరులో చేరి ఒక్కరోజులో ఐదు గుళ్ళు తిరిగినాం. గైడు జెండా ఎత్తుకుని ముందు పరుగు, వెనక మేము పరుగు. నాలుగో గుడి పేరు ఇప్పటికీ నాకు తెలియదు.

పొద్దునే కియోమిజుదెరాకు పో. 778లో మొదలైన గుడి, ఇప్పటి కట్టడం 1633 నాటిది. కొండ అంచున 13 మీటర్ల ఎత్తున చెక్క వేదిక, మేకుల్లేకుండా దూలాలను ఒకదాంట్లో ఒకటి దూర్చి నిలబెట్టినారు. కిందికి దిగి ఆ కూర్పును తప్పకుండా చూడు. అక్కడినుంచి సన్నెన్‌జకా, నినెన్‌జకా అనే మెట్ల వీధుల్లో అంగళ్ళు చూస్తూ దిగు. సన్నెన్‌జకాలో జారిపడితే మూడేళ్ళలో పోతారని అక్కడివాళ్ళ మాట, రాళ్ళు నున్నగా ఉంటాయి, కాలు చూసి వెయ్యి.

సగం రోజు మిగిలితే రైలెక్కి పక్క ఊరు నారాకు పో. అక్కడి తోదాయిజీ గుళ్ళో కంచు బుద్ధుడు 15 మీటర్ల ఎత్తు. మనం విగ్రహ ప్రతిష్ఠలో నేత్రోన్మీలనం చేస్తాం కదా, ఆ బుద్ధుడికి 752లో కళ్ళు దిద్దింది భారతదేశం నుంచి పోయిన బోధిసేనుడనే భిక్షువు. ఆ కుంచెకు పొడవాటి తాడు కట్టి జనం పట్టుకున్నారు. కుంచెనూ తాడునూ అక్కడి షోసోయిన్ భాండాగారంలో ఇప్పటికీ భద్రంగా దాచినారు. వాళ్ళు ఆయన్ని బొదైసెన్నా అంటారు. ఇండియా నుంచి వచ్చినానని చెప్పి, ఆ పేరుతో గైడును అడుగు.