మూకీ కాలపు జర్మన్ సినిమాలన్నీ భయానక కథలేనా?

కావు; పల్లె బతుకు, సేద్యం, ప్రేమ చుట్టూ అల్లిన సినిమాలూ జర్మనీలో అప్పుడే వచ్చాయి. అప్పటి సినిమాలు తీసిన నైట్రేట్ ఫిల్ము ఇట్టే అంటుకుంటుంది, దాచినా పాడవుతుంది. అలా ఎన్నో మూకీలు నశించాయి. మిగిలినవాటిలో రక్తపిశాచి కథ ‘నోస్ఫెరాటు’ వంటి భయానక చిత్రాలే లోకమంతా పేరు మోశాయి. దాన్ని తీసిన ముర్నావే అదే 1922లో ‘మండే పొలం’ (డెర్ బ్రెన్నెండె ఆకర్) అనే అద్భుతమైన సినిమా తీశాడు. అందులో రైతు కొడుకు యోహానెస్ సేద్యం వదిలి ప్రభువు కొలువులో చేరతాడు. అక్కడి బీడు భూమి కింద పెట్రోలియం ఉందని తెలిశాక, ప్రభువు కూతురు గెర్డాను కాదని, ఆ భూమి దక్కిన ఆయన వితంతువు హెల్గాను పెళ్లాడతాడు. పొలం మీది ఆశ ముగ్గురినీ కాల్చేస్తుంది.

పల్లె దంపతుల కథ ‘సన్‌రైజ్’ (1927)ను చాలామంది జర్మన్ సినిమా అనుకుంటారు. దర్శకుడు ముర్నావే, మూలకథ జర్మన్ రచయిత జూడర్మాన్‌దే. నిర్మించింది మాత్రం అమెరికాలోని ఫాక్స్ సంస్థ.