ఐదో నెల గర్భం: ఇంట్లో చేసుకున్న సుషీ రోల్స్ తినవచ్చా?

ప్రశ్న: నా వయసు 29. ఇప్పుడు ఐదో నెల. నేనూ మావారూ సెలవురోజున ఇంట్లోనే సుషీ రోల్స్ (వినెగర్ కలిపిన అన్నంలో చేప పెట్టి చుట్టే జపాన్ వంటకం) చేసుకుంటాం. లోపల సాల్మన్, రొయ్యలు, అవకాడో పెట్టి, మయోనైజ్‌లో మిరప సాస్ కలిపి పైన వేస్తాం. చేపను ఫ్రీజర్‌లో ఉంచితే క్రిములన్నీ చచ్చిపోతాయని, కారం, వినెగర్ తగిలితే ఇక భయం లేదని మావారు అంటారు. మూడో నెలలో రెండుసార్లు పచ్చి సాల్మన్ తిన్నాను. అప్పటినుంచి మనసులో ఒకటే బెంగ. బిడ్డకు ఏమైనా అవుతుందా? రోల్స్ పూర్తిగా మానేయాలా?
– ఒక పాఠకురాలు

డాక్టర్ సలహా: ముందు మీ బెంగ సంగతి చూద్దాం. పచ్చి చేప తిన్న ప్రతి గర్భిణికీ ఇన్ఫెక్షన్ రాదు. మనం ముఖ్యంగా భయపడే లిస్టీరియా అనే బ్యాక్టీరియా లక్షణాలు సాధారణంగా రెండు వారాల్లోపే కనబడతాయి, అరుదుగా పది వారాల వరకూ ఆలస్యం కావచ్చు. ఈ రెండు నెలల్లో మీకు జ్వరం, ఒళ్లునొప్పులు, విరేచనాలు లేకపోతే ప్రత్యేకంగా పరీక్షలు గానీ మందులు గానీ అక్కర్లేదు. మామూలుగా చేయించుకునే చెకప్‌లు, స్కానింగ్‌లు కొనసాగిస్తే చాలు. జరిగిపోయినదానికి మిమ్మల్ని మీరు నిందించుకోకండి.

ఇకముందు రోల్స్ మానాల్సిన పని లేదు. కాన్పు అయ్యేవరకు పచ్చి చేప, పచ్చి రొయ్య మాత్రం వద్దు. ఉడికించకుండా పొగబెట్టి అమ్మే సాల్మన్ కూడా ఈ లెక్కలోకే వస్తుంది.

ఫ్రీజర్ విషయంలో మీవారి మాట సగం నిజం. సముద్రపు చేపల్లో ఉండే అనిసాకిస్ వంటి పురుగులు గట్టి చలికి చస్తాయి. అందుకు చేపను మైనస్ 20 డిగ్రీల సెల్సియస్ వద్ద ఏడు రోజులు ఉంచాలని అమెరికా ఆహార, ఔషధ నియంత్రణ సంస్థ ఎఫ్‌డీఏ చెబుతోంది. ఇళ్లలోని ఫ్రీజర్లు సాధారణంగా మైనస్ 18 దగ్గర ఉంటాయి, తలుపు తీసిన ప్రతిసారీ ఆ చలి ఇంకాస్త తగ్గుతుంది. అంతకంటే ముఖ్యమైన సంగతి, చలికి పురుగులు చస్తాయి గానీ బ్యాక్టీరియా చావదు, నిద్రపోయినట్టు ఉండిపోతుంది. లిస్టీరియా అయితే ఫ్రిజ్ చల్లదనంలో కూడా మెల్లగా పెరుగుతూనే ఉంటుంది. మామూలు మనుషులతో పోలిస్తే గర్భిణులకు ఈ ఇన్ఫెక్షన్ వచ్చే అవకాశం సుమారు పది రెట్లు ఎక్కువ. తల్లికి స్వల్ప జ్వరంతోనే పోయినా గర్భస్రావానికి, నెలలు నిండకుండా కాన్పు కావడానికి దారితీయవచ్చు. మిమ్మల్ని ఇంత గట్టిగా వారించడం అందుకే.

రొయ్యలను బాగా ఉడికించి వాడండి. పచ్చి రొయ్య బూడిదరంగులో, గాజుముక్కలా ఉంటుంది. ఉడికాక తెల్లబడి, పైన గులాబీ చారలు తేలి, వేలితో నొక్కితే గట్టిగా తగులుతుంది. ఒకదాన్ని తీసి వీపు దగ్గర లావుగా ఉన్నచోట కోసి చూడండి, లోపల ఎక్కడా గాజులాంటి మెరుపు మిగలకూడదు. సాల్మన్‌ను కూడా మధ్యభాగం 63 డిగ్రీల సెల్సియస్‌కు చేరేలా కాల్చి, పొరలు పొరలుగా విడదీసి రోల్‌లో పెట్టుకోవచ్చు. సముద్రాహారంలో ఉండే విబ్రియో పారాహీమోలిటికస్ అనే మరో బ్యాక్టీరియాను తొలిసారి గుర్తించింది సుషీ పుట్టిన జపాన్‌లోనే. 1950లో ఒసాకాలో చిన్న చేపలు తిని 20 మంది చనిపోయినప్పుడు అది బయటపడింది. అదీ వేడికి చస్తుంది, కానీ గది వాతావరణంలో వదిలేసిన చేపలో చాలా వేగంగా పెరుగుతుంది.

అందరూ చేపను అనుమానిస్తారు గానీ అన్నాన్ని పట్టించుకోరు. ఒకసారి ఒకావిడ వాంతులతో నా దగ్గరకు వచ్చి, మిగిలిన రోల్ ముక్కలు డబ్బాలో తెచ్చి, చేప పాడైందేమో చూడమన్నారు. అందులో ఉన్నది ఉడికిన పీతమాంసం. అన్నం ఎప్పుడు వండారని అడిగితే మధ్యాహ్నం 12 గంటలకు వండి, గిన్నెలో మూతపెట్టి, రాత్రి తొమ్మిదికి రోల్ చుట్టామన్నారు. తిన్న రెండు గంటలకే వాంతులు మొదలయ్యాయి. బియ్యంలో ఉండే బాసిల్లస్ సీరియస్ అనే బ్యాక్టీరియా బీజాలు ఉడికించినా చావవు. అన్నం గోరువెచ్చగా గంటల తరబడి ఉంటే అవి మొలకెత్తి విషాన్ని తయారుచేస్తాయి, ఆ విషం మళ్లీ వేడిచేసినా పోదు. సుషీ అన్నంలో కలిపే వినెగర్ ఈ పెరుగుదలను అడ్డుకుంటుంది, నిజమే. అయితే అందుకు అన్నం పీహెచ్ (పులుపును తెలిపే కొలత, ఎంత తగ్గితే అంత పులుపు) 4.6 కంటే తక్కువకు దిగాలి. హోటళ్లలో దాన్ని మీటరుతో కొలుస్తారు, ఇంట్లో రుచికి చెంచాడు తగ్గించేస్తాం. కాబట్టి రోల్ చేసే ముందే అన్నం వండి, వెడల్పాటి పళ్లెంలో పరిచి చల్లార్చి, రెండు గంటల్లోపు తినేయండి. మిగిలినది మర్నాటికి దాచకండి.

కారం సాస్ క్రిములను చంపదు, సుషీతో తినే ఘాటైన పచ్చటి ముద్ద వసాబీ కూడా అంతే. పైగా ఇంట్లో పచ్చి గుడ్డుతో గిలకొట్టిన మయోనైజ్ అయితే సాల్మొనెల్లా అనే బ్యాక్టీరియా భయం ఉంటుంది కనుక, పాశ్చురైజ్ చేసిన గుడ్డుతో తయారైన సీసా మయోనైజ్ వాడి, మూత తీశాక ఫ్రిజ్‌లోనే ఉంచండి. కారం వల్ల బిడ్డకు హాని లేదు. ఇబ్బందంతా మీకే. గర్భంలో పెరిగే ప్రొజెస్టిరాన్ హార్మోన్ వల్ల అన్నవాహిక చివరి కండరం వదులై, ఆమ్లం పైకి తన్ని ఛాతీలో మంట పుడుతుంది. రాత్రి ఆలస్యంగా తినకుండా, తిన్నాక రెండు మూడు గంటలు పడుకోకుండా ఉంటే చాలామటుకు తగ్గుతుంది. సోయా సాస్‌లో మాత్రం చెయ్యి బిగపట్టండి. ఒక పెద్ద చెంచాలోనే దాదాపు 900 మిల్లీగ్రాముల సోడియం ఉంటుంది, రోజంతటికీ 2,000 దాటవద్దని ప్రపంచ ఆరోగ్య సంస్థ సూచన. బీపీ ఉంటే ఇది మరీ ముఖ్యం. థైరాయిడ్ మాత్రలు వాడుతుంటే రోల్ చుట్టే నోరి అనే సముద్రపు నాచు ఆకులో అయోడిన్ ఉంటుందని గుర్తుంచుకుని, ఎంత తినవచ్చో మీ డాక్టర్‌ను అడగండి.

చేపలు పూర్తిగా మానేయడం కూడా సరికాదు. వాటిలోని ఒమేగా-3 బిడ్డ మెదడుకు, కళ్లకు మేలుచేస్తుంది. సాల్మన్, రొయ్య, పీత వంటి పాదరసం తక్కువుండేవి ఉడికించి వారానికి మొత్తం 225 నుంచి 340 గ్రాముల వరకు తినవచ్చు. బిగ్‌ఐ ట్యూనా, కత్తిచేప, సొరచేప వద్దు.

మీవారు పచ్చి సాల్మన్ రోల్ తినాలనుకుంటే, ముందు మీ రోల్ చుట్టి పక్కన పెట్టాకే ఆ చేపను బయటికి తీయమనండి. కత్తి, బోర్డు, వెదురు చాప వేరుగా ఉండాలి. ఒకే కత్తితో కోస్తే మీరు ఉడికించిన ఫలితం పోయినట్టే.

జ్వరం 100.4 డిగ్రీల ఫారెన్‌హీట్ దాటినా, వాంతులు ఆగకపోయినా, బిడ్డ కదలికలు తెలియడం మొదలయ్యాక అవి తగ్గినట్టు అనిపించినా ఇంట్లో మాత్ర వేసుకుని ఊరుకోకుండా వెంటనే ఆసుపత్రికి వెళ్లండి. పచ్చి చేప తిన్న సంగతి, ఎప్పుడు తిన్నారో కూడా అక్కడి డాక్టర్‌కు దాచకుండా చెప్పండి. అది తెలిస్తే వారు రక్తం కల్చర్‌కు (రక్తంలో బ్యాక్టీరియా ఉందేమో చూసే పరీక్షకు) పంపి, గర్భిణులకు ఇవ్వదగిన యాంటీబయాటిక్‌ను ఆలస్యం లేకుండా మొదలుపెట్టగలరు.