లివర్‌పూల్ పియర్ హెడ్ స్టేషన్‌ను ఎందుకు కూల్చేశారు?

ఇంగ్లండ్‌లోని లివర్‌పూల్‌లో నది ఒడ్డునున్న పియర్ హెడ్ దగ్గర రోడ్డుకు పైన, స్తంభాల మీద రైలు నడిచేదట, ఆ స్టేషన్ ఏమైందని అడిగారు. చదువుకోసం ఆ ఊళ్లో ఏడాదిన్నర ఉన్నాను కాబట్టి తెలిసింది చెప్తాను.

దాని సంగతి నేను మొదట విన్నది పియర్ హెడ్ బస్టాపులోనే. నది మీంచి కొట్టిన గాలికి నా గొడుగు వెనక్కి తిరగబడి రెండు ఊచలు విరిగాయి. పక్కనున్న పెద్దాయన నవ్వి, "మా నాన్నకి ఇక్కడ గొడుగుతో పనే ఉండేది కాదు" అన్నాడు. ఆ రైలు మార్గానికి జనం పెట్టుకున్న ముద్దుపేరే 'డాక్ కూలీల గొడుగు'. డాక్ అంటే ఓడల్లో సరుకు ఎక్కించి దించే రేవు. వాన పడితే కూలీలు దాని కిందే నడిచి పనికి పోయేవాళ్లు. వాన రాగానే మన అమీర్‌పేట మెట్రో కింద బైకులన్నీ ఆగిపోతాయి చూడండి, అలాగన్నమాట.

ఈ ఓవర్‌హెడ్ రైల్వే 1893లో మొదలైంది. కరెంటుతో నడిచిన ఎలివేటెడ్ రైళ్లలో ప్రపంచంలో ఇదే మొదటిది. పియర్ హెడ్‌లో ఇప్పుడు అందరూ ఫొటోలు దిగే లివర్ బిల్డింగ్ 1911లో గానీ రాలేదు.

దాన్ని చంపింది పొగ. పైన నడిచేది పొగలేని కరెంటు రైలే. కానీ కింద, దాని నీడలోనే, ఓడరేవు సరుకు లాగే ఆవిరి ఇంజన్లు తిరిగేవి. పట్టాల కింద నీళ్లు కారకుండా ఇనుప రేకులు బిగించారు. కూలీలకు గొడుగైనవి అవే, కింది నుంచి లేచిన మసి పట్టిందీ వాటికే. దానికి తేమ తోడై రేకులు తుప్పుపట్టిపోయాయి. 1950ల్లో పరీక్ష చేయిస్తే మరమ్మతుకు 20 లక్షల పౌండ్లు కావాలన్నారు. 1948లో బ్రిటన్ రైల్వేలు ప్రభుత్వం చేతికి వెళ్లినా ఇది ప్రైవేటు కంపెనీగానే మిగిలింది. అంత డబ్బు దానికెక్కడిది? ఊరి కౌన్సిలూ ముందుకు రాలేదు, ఓడరేవు బోర్డూ రాలేదు. 1956 డిసెంబరు 30న ఆఖరి రైళ్లు కిక్కిరిసి నడిచాయి. ఆ మరుసటి ఏడాదే కూల్చడం మొదలుపెట్టి పాత ఇనుము కింద అమ్మేశారు. నన్నడిగితే తొందరపడ్డారు, కానీ జేబులోంచి డబ్బు పెట్టాల్సింది నేను కాదుగా!

ఇప్పుడు పియర్ హెడ్‌లో వెతికినా ఏమీ దొరకదు. వాపింగ్ డాక్ వైపు నడిస్తే గోడలో ఇరుక్కున్న ఇనుప స్తంభాలు కొన్ని కనిపిస్తాయి. మ్యూజియం ఆఫ్ లివర్‌పూల్‌లో ఒక రైలు పెట్టెను ఎత్తు మీద నిలబెట్టారు. టికెట్ లేదు, ఎక్కి కూర్చోవచ్చు. నేను మూడుసార్లు కూర్చున్నాను. వాపింగ్ దాకా వెళ్తే మాత్రం రెయిన్‌కోటు వేసుకోండి, ఆ గాలికి గొడుగు ఆగదు.