సైదాపేట వ్యవసాయ బడి ఎవరికి పనికొచ్చింది?

చెన్నై సైదాపేటలో ఒకప్పుడు వ్యవసాయ కళాశాల ఉండేదట, నిజమేనా, మన తెలుగు రైతులకు దానివల్ల ఏమైనా ఒరిగిందా అని అడిగారు.

ఉండేది. 1860ల్లో మద్రాసు గవర్నరు విలియం డెనిసన్ ఇంగ్లండు నుంచి ఆవిరి నాగళ్లు, విత్తే యంత్రాలు తెప్పించి అక్కడ ప్రయోగ క్షేత్రం పెట్టించారు. 1868లో బడి మొదలైంది. ఆనాటి నెల్లూరు, కడప రైతు దగ్గర ఉన్నది జత ఎడ్లు, కర్ర నాగలి, అప్పు తెచ్చుకున్న విత్తనాలు. అతనికి ఆవిరి నాగలితో ఏం పని? నా దృష్టిలో అసలు లోపం అక్కడే ఉంది.

1876-78 కరువు లక్షల మందిని పొట్టన పెట్టుకుంది. వ్యవసాయ శాఖలు గట్టిగా పనిచేయాలని 1880లో కరువు కమిషన్ చెప్పింది. ఆ తర్వాత 1906లో చదువును కోయంబత్తూరుకు మార్చారు. తరి, మెట్ట, తోట భూములు మూడూ అక్కడ దగ్గర దగ్గరగా ఉంటాయి, ప్రయోగాలకు అది చాలా ముఖ్యం.

తెలుగు జిల్లాలకు మాత్రం 1945లో బాపట్ల కళాశాల వచ్చింది. అంటే సైదాపేట బడి పెట్టిన 77 ఏళ్లకు! అన్నాళ్లూ కృష్ణా, గోదావరి డెల్టాల శిస్తు మద్రాసు ఖజానాకు చేరుతూనే ఉంది. వ్యవసాయ డిగ్రీ కావాలంటే మన పిల్లలు కోయంబత్తూరు రైలెక్కాల్సి వచ్చేది.