బొమ్మలు వేస్తుంది, కథలు రాస్తుంది, సినిమాల్లోకి వెళ్తానంటోంది

ప్రశ్న: మా అమ్మాయి ఇంటర్ రెండో ఏడాది, ఎంపీసీ. బొమ్మలు బాగా వేస్తుంది, కథలు రాస్తుంది. ఆర్ట్ డైరెక్టర్‌గా మొదలుపెట్టి డైరెక్టర్ అవుతానంటోంది. ముందు ఇంజినీరింగ్ చెయ్యి, తర్వాత చూద్దాం అంటున్నాం. సరైనదేనా? - ఓ తల్లి, తణుకు

జవాబు: అమ్మా, మీ టెన్షన్ అర్థమైంది. కానీ ‘ముందు ఇంజినీరింగ్’ అన్న దగ్గర కాస్త ఆగండి. పుణెలోని కేంద్ర ప్రభుత్వ సినిమా శిక్షణ సంస్థ ఎఫ్‌టీఐఐలో కళా దర్శకత్వానికి (అంటే సినిమా సెట్లను రూపొందించే పనికి) మూడేళ్ల కోర్సుంది. పెయింటింగ్, అప్లైడ్ ఆర్ట్, శిల్పం, ఆర్కిటెక్చర్ లాంటివి డిగ్రీలో చదివినవాళ్లకే అందులో చోటు. మామూలు బీటెక్‌తో అక్కడ డైరెక్షన్ కోర్సుకు అప్లై చేసుకోవచ్చు గానీ, దీనికి కుదరదు. అందుకే హైదరాబాద్ జేఎన్‌ఏఎఫ్‌ఏయూ లాంటి కళల విశ్వవిద్యాలయంలో నాలుగేళ్ల బీఎఫ్‌ఏ (లలిత కళల డిగ్రీ) చూడండి. ఎంపీసీ అడ్డు కాదు. లెక్కలంటే ఇష్టమైతే ఆర్కిటెక్చర్ ప్రవేశ పరీక్ష నాటా రాసి బీఆర్క్ (ఆర్కిటెక్చర్ డిగ్రీ) చేసినా మంచిదే.

ఇన్ని పనులు ఒక్కరి వల్ల అవుతాయా అంటే, మన దగ్గరే అయ్యాయి. 1957లో ‘మాయాబజార్’కు కళాధర్‌తో కలిసి కళా దర్శకత్వం చేసిన మాధవపెద్ది గోఖలే మంచి కథకుడు కూడా. బాపుగారు లా చదివారు కదా అని మీరు అడగొచ్చు. నిజమే. కానీ ఆయన కుంచె కింద పెట్టలేదు. ఆంధ్రపత్రికలో కార్టూన్లు, తర్వాత అడ్వర్టైజింగ్ కంపెనీల్లో ఉద్యోగం, పుస్తకాలకు ముఖచిత్రాలు. 1967లో ‘సాక్షి’ తీసేనాటికి ఆయనకు 33 ఏళ్లు. తీయబోయే షాట్లను ముందే బొమ్మలుగా వేసుకునేవారు. డైరెక్షన్‌కు ఆ చేయే పెట్టుబడి అయింది. ఇంజినీరింగ్ నాలుగేళ్లూ రికార్డులు, బ్యాక్‌లాగులతో సరిపోతే, మీ అమ్మాయి చేతికి ఆ సాధన ఎప్పుడు దొరుకుతుంది?

కష్టం కూడా చెప్పాలి. చదువయ్యాక కొన్నేళ్లు అసిస్టెంట్‌గానే ఉండాలి. సినిమాకీ సినిమాకీ మధ్య ఖాళీ వస్తుంది, ఆ నెలల్లో ఇంటి ఆసరా కావాలి. పుస్తకాల బొమ్మలు, యాడ్ ఫిల్ములు, నాటకాల సెట్లు అప్పుడు ఆదుకుంటాయి. షూటింగ్ రాత్రి రెండింటి దాకా సాగే రోజులుంటాయి, ఆ సంగతి ఇప్పుడే ఇంట్లో మాట్లాడుకోండి.

సెట్లో వంటిల్లు వేయడమంటే పొయ్యి పెట్టేయడం కాదు. పొయ్యి వెనక గోడకు మసి ఎంత ఎత్తు దాకా పట్టింది, ఉప్పు డబ్బా చేతికి అందేలా ఉందా, కుండ కింద చుట్టకుదురు పాతబడిందా, ఇవన్నీ చూసుకోవాలి. ఆ ఇంటావిడ ఎలాంటి మనిషో తెలియకపోతే ఇవేవీ వేయలేరు. అంటే అక్కడికే కథ రాయడం మొదలైనట్టు.

ఈ వేసవిలో అమ్మాయికి ఒక పని చెప్పండి. మీ వీధిలో ఒక ఇల్లు ఎంచుకుని, దాని వంటిల్లు ఉన్నది ఉన్నట్టు గీయమనండి. ఆ ఇంటి పెద్దకొడుకు విదేశం వెళ్లిన ఏడాదికి అదే వంటిల్లు ఎలా ఉంటుందో మళ్లీ గీసి, కింద ఒక పేజీ కథ రాయమనండి. అలాంటివి పది పూర్తయ్యాక నాకు పంపండి, చూసి రాస్తాను.